ఇరవై ఏడో మాట

డెమార్ కేసు నడిచినన్ని రోజులూ నేను కోర్టు గది బయట బల్ల మీదే కూర్చున్నాను. నన్ను పిలిచేదాకా లోపలికి అడుగు పెట్టలేదు. నిందితులను కూర్చోబెట్టే ఆ అద్దాల గదిలో తొమ్మిది మంది కుర్రాళ్ల మధ్య వాణ్ని చూడటం నా వల్ల కాదు. వాడికి పందొమ్మిదేళ్లు. పదకొండో ఏట నుంచి నా చేతి తిండి తిన్నవాడు.

నా పేరు మెర్లీన్ పిన్నక్. డెప్ట్‌ఫర్డ్‌లో పిల్లల క్లబ్బు ఒకటి ఉండేది, దానికి ఇరవై రెండేళ్లు వంట చేశాను. మా అమ్మానాన్నలు జమైకా నుంచి ఓడ దిగినవాళ్లు, నేను మాత్రం ఇక్కడ లండన్‌లోనే పుట్టాను. నాకు కోపం ముక్కు మీదే ఉంటుందని మా వీధిలో అందరికీ తెలుసు. ఆ కోపం లేకపోతే అరవై మంది పిల్లలను వరసలో నిలబెట్టి వడ్డించడం ఎవరి తరం?

డెమార్ తల్లి షార్మేన్ బస్సు డ్రైవరు. రోజూ ఉద్యోగానికి సెలవు పెట్టి, నీలం కోటు వేసుకుని కోర్టుకు వచ్చేది. ఆమె లోపలికి వెళ్లేది, నేను సంచీలో మాంసం కూరి కాల్చిన మా జమైకా ప్యాటీలు పెట్టుకుని బయట కాపలా కాసేదాన్ని. మధ్యాహ్నం బయటికొచ్చి ఒకటి తినేది. సగం తిని, సగం కాగితంలో చుట్టి పెట్టేది.

కేసు ఇది. ఫిబ్రవరిలో చికెన్ కొట్టు ముందు ఒక కుర్రాణ్ని కత్తితో పొడిచారు. చావు అంచు దాకా వెళ్లి బతికాడు. పొడిచినవాడు నేనే పొడిచానని ఒప్పుకున్నాడు. కానీ అతని ఫోన్లో తొమ్మిది మంది గ్రూపు ఉంది, అందులో డెమార్ ఉన్నాడు. ఆ సాయంత్రం డెమార్ ఇంట్లోనే ఉన్నాడు, కత్తి ముట్టుకోలేదు, ఆ వీధిలోకే పోలేదు. కానీ ఆ గ్రూపులో పదకొండు మెసేజీలు రాశాడు. అవి అందరూ కలిసి పన్నిన కుట్రలో భాగమని ప్రభుత్వం వాదన. అది నిజమని జ్యూరీ నమ్మితే పదిహేనేళ్లకు తక్కువ పడదని మా లాయరమ్మ మొదటి రోజే చెప్పింది.

ఆ పదకొండు మెసేజీల్లో ఏముందంటారా? 'సే లెస్' అని ఒకటి. మా పిల్లలు సరే అనడానికి బదులు అదే అంటారు. 'బేర్' అంటే బోలెడు, 'పీక్' అంటే ఖర్మ, 'బెయిట్' అంటే అందరికీ తెలిసిపోయేలా చేసిన పని. ఇలాంటి పొట్టి మాటలు. కానీ జ్యూరీలో పన్నెండు మందికీ ఇవి రావు కదా. అందుకని మాటల నిపుణుడు ఒకాయన్ని తెచ్చారు. అలన్ ప్రాసర్ అని, ఒకప్పుడు పోలీసు, ఇప్పుడు సొంతంగా ఇదే వ్యాపారం. నలభై మాటలకు అర్థాలు రాసి జాబితా తయారు చేసి జ్యూరీ చేతిలో పెట్టాడు. ఆ జాబితా పట్టుకుని డెమార్ మెసేజీలు చదివితే 'సే లెస్' అన్న మాట కూడా కత్తి నూరుతున్నట్టే వినబడుతుందట.

ఆరో రోజు మధ్యాహ్నం లాయరమ్మ విసవిసా బయటికొచ్చింది. అనీసా మాలిక్ ఆమె పేరు. మనిషి సన్నగా ఉంటుంది, ఇక్కడి లాయర్లు కోర్టులో పెట్టుకునే విగ్గు చేతిలో పట్టుకుని నడుస్తుంది. షార్మేన్ పక్కన కూర్చుని జాబితా ఆమె ఒళ్లో పెట్టింది.

"ఇందులో మాటలు మీ ఇంట్లో డెమార్ ఎప్పుడైనా వాడాడా? మామూలుగా, తిండి దగ్గరో టీవీ దగ్గరో? బాగా గుర్తు తెచ్చుకోండి" అంది.

"మాట్లాడుకునేంత టైము ఎక్కడ ఏడ్చింది తల్లీ మాకు? నేను పోయేటప్పుడు వాడు నిద్ర, వాడు లేచేటప్పుడు నేను నిద్ర" అంది షార్మేన్, కళ్లజోడు వెతుక్కుంటూ.

నేను పక్కనుంచి తొంగి చూశాను. నాకేం పని, ఊరికే. పెంగ్ అంటే అందంగా ఉండటం, సరే. లెంగ్ అంటే అంతకంటే అందం, ఒక్కోసారి తుపాకీ, సరే. ఎండ్స్ అంటే మనుండే పేట. క్రెప్స్ అంటే బూట్లు. అలా వేలు పెట్టుకుని కిందికి వస్తూ ఇరవై ఏడు దగ్గర ఆగిపోయాను.

వెంగ్. ఎవరినైనా వెనక నుంచి వచ్చి కొట్టడం. ఎక్కువగా మంగళవారాల్లో.

మళ్లీ ఒకసారి చదివాను.

"ఈ మాట లేదు" అన్నాను.

"ఏ మాట?"

"ఈ వెంగ్. ఇలాంటి మాట భూమ్మీద ఎక్కడా లేదమ్మా. మా డెమార్ పుట్టించాడు, పదకొండేళ్లప్పుడు, నా వంటింటి కిటికీ దగ్గర నిలబడి. నేనే రాసుకున్నాను. ఈ అర్థం నేను రాసిందే. ఈ ముక్క ముక్కంతా నాదే!"

షార్మేన్ నావైపు తిరిగింది. లాయరమ్మ అటూ ఇటూ చూసి నా మోచెయ్యి పట్టుకుని కిటికీ పక్కకు లాక్కెళ్లింది.

"మీరు ఒక్కసారైనా లోపలికొచ్చి కూర్చున్నారా?"

"లేదు."

"దేవుడున్నాడు. ఇక రాకండి, సాక్షి ముందుగా ఏమీ వినకూడదు. లోపల ఏం జరిగిందని ఎవరినీ అడక్కండి. ఇప్పుడు మొదటి నుంచి చెప్పండి."

చెప్పాను. క్లబ్బులో పిల్లలు మాట్లాడేది నాకు సగం అర్థమయ్యేది కాదు. నా ముందే నన్ను తిట్టినా తెలియదు కదా! అందుకని ఒక పద్ధతి పెట్టాను. ఎవరు కొత్త మాట తెచ్చి అర్థం చెబితే వాళ్లకి ఒక బీఫ్ ప్యాటీ. నోటుబుక్కులో తేదీ వేసి, మాట రాసి, అర్థం రాసి, పక్కన తెచ్చినవాళ్ల పేరు రాసేదాన్ని. తర్వాత వంటింటి పక్కనున్న పెద్ద గోడ మీద రంగుతో ఆ మాటా అర్థమూ ఎక్కించేవాళ్లం. పిల్లలకు అదో గొప్ప. గోడ నిండా మాటలు.

"ఆ గోడ ఇప్పుడుందా?"

"నాలుగేళ్ల కింద క్లబ్బు మూసేశారు. గోడకు తెల్లసున్నం కొట్టారు."

"ప్రాసర్ అక్కడికి వచ్చాడా ఎప్పుడైనా?"

అప్పుడు నాకు గుర్తొచ్చింది, ఒళ్లంతా మండింది కూడా. డెమార్ ఆ మాట తెచ్చిన ఏడాది వేసవిలో క్లబ్బుకు పెద్దమనుషుల్ని పిలిచి భోజనాలు పెట్టాం. సూటు వేసుకున్న పోలీసాయన ఒకడు వచ్చాడు. మేక కూర రెండు పళ్లాలు తిన్నాడు. పిల్లల్లో ఒక్కడితో కూడా మాట్లాడలేదు. వెళ్లే ముందు ఆ గోడ ముందు నిలబడి ఫోన్‌తో ఫొటోలు తీసుకున్నాడు. గోడ నచ్చిందేమో పాపం అనుకున్నాను. అతిథుల పుస్తకం ఎవరో పట్టుకుపోతే, నా నోటుబుక్కు వెనక అట్ట మీదే అందరితోనూ సంతకాలు చేయించాను.

"ఆ నోటుబుక్కు...?"

"మా ఇంట్లో, పెద్ద గిన్నెల కింద."

లాయరమ్మ మొహంలో సంతోషం కనిపిస్తుందని చూశాను, కనిపించలేదు.

"మిసెస్ పిన్నక్, ఒక సంగతి ముందే చెప్పాలి. ఆ పుస్తకం ఒక్కసారి కోర్టులోకి వస్తే నాకు కావలసిన పేజీ ఒక్కటే రాదు. అవతలి లాయరు ప్రతి పేజీ తిప్పుతాడు. డెమార్ పేరు పక్కన ఇంకేమైనా మాటలున్నాయా?"

ఉన్నాయి. వెంగ్‌తో కలిపి పద్నాలుగు. అందులో నాలుగు కత్తికి పేర్లు.

ఆ నాలుగూ దాచకుండా చెప్పాను.

లాయరమ్మ కిందికి, డెమార్‌ని ఉంచిన గదికి వెళ్లి అరగంటలో తిరిగొచ్చింది. పుస్తకం కోర్టుకు తేవడానికి వాడు ఒప్పుకున్నాడట. కానీ నాకొక కబురు పంపాడు. ఆమె కాగితం మీద రాసుకుని మరీ తెచ్చింది, ఎందుకంటే ఆమెకు అర్థం కాలేదు.

"ఆంటీని పుస్తకం తెమ్మనండి. ఎందుకు రాసిందో మాత్రం చెప్పొద్దనండి. అమ్మ అక్కడే కూర్చుని ఉంటుంది."

నాకు అర్థమైంది.

ఆ మధ్యాహ్నం లోపల ఏం జరిగిందో నాకప్పుడు తెలియదు, సాక్షికి చెప్పకూడదట. కేసయ్యాక విన్నాను. లాయరమ్మ ప్రాసర్‌ని జాబితాలో ఐదారు మాటల గురించి అడిగి, మధ్యలో ఏమీ ఎరగనట్టు ఇరవై ఏడు గురించి అడిగిందట. ఇది ఎక్కడ విన్నారు? వీధిలో విన్నాను అన్నాడట. ఒక్కసారేనా? చాలాసార్లు, చాలామంది నోట, పన్నెండేళ్లుగా. మంగళవారం ఎందుకు? ఆయన గొంతు సవరించుకుని, శని ఆదివారాల్లో గొడవలవుతాయి, సోమవారం పోలీసుల నిఘా ఎక్కువగా ఉంటుంది, అందుకే ప్రతీకారానికి మంగళవారం ఎంచుకుంటారు, ఇది ఈ ముఠాల్లో స్థిరపడ్డ ఆచారం అన్నాడట. జ్యూరీలో ఒకాయన అది రాసుకున్నాడట కూడా.

నాకు తెలిసిందల్లా ఒక్కటే. ఆ సాయంత్రం షార్మేన్ బయటికి వచ్చినప్పుడు మొహంలో నెత్తురు చుక్క లేదు. ప్యాటీ ఇస్తే తీసుకోలేదు.

"ఏమైందే?" అన్నాను.

"ఏం లేదు. పద, బస్సు వస్తుంది."

బస్సులో ఒక్క మాట మాట్లాడలేదు. మర్నాడూ అంతే, ఆ మర్నాడూ అంతే. నా పక్కన కూర్చోవడం మానేసి ఎదురు బల్ల మీద కూర్చునేది. నేనిచ్చిన తిండి ముట్టుకునేది కాదు. కొడుకు బెంగ అనుకున్నాను. కొడుకు పేరుతో కత్తి మాటలు రాసిపెట్టిన పుస్తకం తెస్తున్నానని నా మీద కోపమేమో అని కూడా అనుకున్నాను. నా మీద నాకే కోపం ఉంది మరి. పిల్లలతో ఆటలాడి, ప్యాటీ ఆశ చూపించి, వాళ్ల పేర్లు రాసిపెట్టి దాచిందెవరు? నేను కాదూ?

ఇంట్లో ఆ పుస్తకం తీసి ముందు పెట్టుకుంటే రెండుసార్లు పొయ్యి వైపు చూశాను. అబద్ధం ఎందుకు చెప్పాలి? కాల్చేస్తే ఆ పద్నాలుగు మాటలూ పోతాయి. వెంగ్ కూడా పోతుంది. నూనె మరకల అట్ట తుడిచి మళ్లీ సంచీలో పెట్టాను.

ఆ తర్వాత నాలుగో రోజున నన్ను పిలిచారు.

సాక్షి బోను ఎక్కాక డెమార్‌ని చూడక తప్పలేదు. ఎంత చిక్కిపోయాడో! అద్దం వెనక నుంచి తల కొంచెం అటూ ఇటూ ఆడించాడు. వద్దు అని. పైన గ్యాలరీలో మొదటి వరసలో షార్మేన్ నీలం కోటు కనిపించింది.

లాయరమ్మ ప్రశ్నలు సులువుగా గడిచాయి. పుస్తకం చూపించాను. జాబితాలోని ఇరవై ఏడో మాట, అర్థంతో సహా, అందులో నా రాతలోనే ఉంది, అక్షరం పొల్లుపోకుండా. తేదీ ఉంది. వెనక అట్ట మీద ప్రాసర్ సంతకం ఉంది. దాని పక్కన ఆయన స్వహస్తాలతో రాసిన వాక్యం: "భోజనం అద్భుతం, గోడ ఎంతో ఉపయోగకరం." జ్యూరీలో ఒకావిడ నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. కింద వరసలో కూర్చున్న ప్రాసర్ బూట్ల వైపు చూసుకుంటున్నాడు. బూట్లను క్రెప్స్ అంటారు నాయనా అని అరవాలనిపించింది, నోరు కట్టేసుకున్నాను.

"ఈ మాటని క్లబ్బులో గాని, బయటగాని ఇంకెవరైనా వాడగా విన్నారా?" అని అడిగింది లాయరమ్మ.

"ఎవరూ వాడలేదు. వాడు కూడా మళ్లీ వాడలేదు."

ఆమె కూర్చుంది. ప్రభుత్వం తరఫు లాయరు లేచాడు. కార్బెట్ అని, పొడుగాటి మనిషి, గొంతు మాత్రం తేనెలో ముంచినట్టు ఉంటుంది.

"మిసెస్ పిన్నక్, ఆ పుస్తకంలో డెమార్ ఫెరన్ పేరు పక్కన ఎన్ని మాటలున్నాయో చెబుతారా?"

"పద్నాలుగు."

"వాటిలో కత్తికి ఎన్ని పేర్లు?"

"నాలుగు."

"పదకొండేళ్ల పిల్లవాడికి కత్తికి నాలుగు పేర్లు తెలుసు. ఇది మామూలే అంటారా?"

నాకు చిర్రెత్తుకొచ్చింది. "వాడికి బూట్లకు రెండు పేర్లు తెలుసు, అమ్మాయి బాగుందనడానికి మూడు తెలుసు, మొహం బాగాలేదనడానికి ఒకటి తెలుసు. అవి చదవరేం బాబూ? మా పేటలో ఆ ఏడు ముగ్గురు పిల్లల్ని కత్తులతో పొడిచారు. బడికి పోయే దారిలో, వాళ్లు పడిపోయిన చోట, గుర్తుగా పూలగుత్తులు కట్టి ఉండేవి. పిల్లలకి చెవులుండవా?"

"అడిగిన దానికి మాత్రమే జవాబు చెప్పండి" అన్నారు జడ్జిగారు, కోపంగా కాదు.

కార్బెట్ నవ్వాడు. "సరే. ఈ వెంగ్ అనే మాట అబద్ధమని మీరంటున్నారు. రాసిన రోజు మీకా సంగతి తెలుసా, లేక ఇవాళ కోర్టు కోసం తెలిసిందా?"

"ఆ రోజే తెలుసు."

"తెలిసే రాశారు?"

"తెలిసే రాశాను."

"తెలిసే బహుమతి ఇచ్చారు?"

"ఇచ్చాను."

"అంటే ఈ పిల్లవాడు అబద్ధం చెప్పాడు, మీరు ఆ అబద్ధాన్ని తేదీ వేసి మరీ రాసుకున్నారు. ఇప్పుడు అదే పుస్తకాన్ని నమ్మమని జ్యూరీని అడుగుతున్నారు. వాడి కోసం ఒకసారి అబద్ధం రాసినవాళ్లు ఇంకోసారి అబద్ధం చెప్పరని ఏమిటి నమ్మకం?"

గది అంతా నా మొహమే చూస్తోంది. ఇందాక నవ్వు ఆపుకున్న ఆవిడ కూడా ఇప్పుడు నవ్వడం లేదు. కలం ఎత్తి పట్టుకుని కూర్చుంది. పుట్టి మునిగిపోతోందని నాకు తెలుస్తూనే ఉంది.

"ఎందుకు రాశారు, మిసెస్ పిన్నక్?"

డెమార్ రెండు అరచేతులూ అద్దానికి ఆనించాడు. వాడి పెదాలు కదిలాయి. ఆంటీ, వద్దు. ఎనిమిదేళ్ల కింద ఆ కిటికీ దగ్గర అన్న మాటే. అమ్మకి చెప్తే నేనింకెప్పుడూ ఇక్కడికి రాను ఆంటీ. నేను ఒట్టేశాను. అప్పటి నుంచి ఆ ఒట్టు తప్పలేదు. పెళ్లిళ్లలో, పుట్టినరోజుల్లో, షార్మేన్ నా బిడ్డని ఒక్క పూట పస్తుంచలేదే మెర్లీన్ అని గొప్పగా చెప్పుకుంటుంటే, అవునే అవును అని తల ఊపాను. ఒంటరి ఆడది, బస్సు నడిపి బిడ్డని పెంచుకుంది. ఆమెకున్న ఆస్తి ఆ నమ్మకమొక్కటే.

"సాక్షి జవాబు చెప్పాలి" అన్నారు జడ్జిగారు.

పుస్తకం అట్ట రెండు చేతులా పట్టుకున్నాను.

"చెప్పు మెర్లీన్."

పై నుంచి వచ్చింది ఆ గొంతు. షార్మేన్ లేచి నిలబడి గ్యాలరీ కడ్డీ పట్టుకుని ఉంది.

"గ్యాలరీలో నిశ్శబ్దం!" అన్నాడు బంట్రోతు.

"నాకు తెలుసు. మంగళవారం అనగానే తెలిసిపోయింది. చెప్పవే, పర్వాలేదు."

కూర్చోకపోతే బయటికి పంపిస్తామన్నారు జడ్జిగారు. కూర్చుంది. డెమార్ అద్దం మీద చేతులు తీసి మొహం కప్పుకున్నాడు.

అప్పుడు చెప్పాను.

"వాడి తల్లి మంగళవారాలు రెండు షిఫ్టులు చేసేది. పొద్దున పోతే రాత్రి పదకొండుకి వచ్చేది. వాడి రాత్రి తిండికని రెండు పౌండ్లు బల్ల మీద పెట్టి వెళ్లేది. వాడు ఆ డబ్బు తిండికి పెట్టేవాడు కాదు. మూలకొట్టుకి పోయి, ముందే డబ్బు కట్టి కరెంటు నింపుకునే మీటరు తాళంచెవిలో వేయించుకొచ్చేవాడు. అమ్మ వచ్చేసరికి ఇల్లు వెచ్చగా ఉండాలని. రోజంతా స్టీరింగు పట్టుకుని వేళ్లు కొంకర్లు పోతాయని. తర్వాత ఖాళీ కడుపుతో నా దగ్గరికి వచ్చేవాడు. ఊరికే పెడతానంటే తీసుకునేవాడు కాదు. నేనేం అడుక్కోవడం లేదు ఆంటీ, మాట తెచ్చాను అనేవాడు. పదమూడు మంగళవారాలు పదమూడు మాటలు తెచ్చాడు. బడిలో అడిగి, బస్సులో విని, ఎక్కడెక్కడో ఏరుకొచ్చేవాడు. కత్తి మాటలు అందుకే తెచ్చాడు, అవి ఇంకెవరూ తేలేదు కాబట్టి. పద్నాలుగో మంగళవారం మంచు పడింది. వాడి దగ్గర మాటలు అయిపోయాయి. కిటికీ దగ్గర నిలబడ్డాడు, గోడకేసి చూశాడు. పెంగ్ ఉంది, లెంగ్ ఉంది. వెంగ్ అన్నాడు. అంటే ఏంట్రా అన్నాను. వెనక నుంచి వచ్చి కొట్టడం అన్నాడు. నేనెప్పుడూ వినలేదే, ఎప్పుడు అంటారు అన్నాను, ఊరికే ఆటపట్టిద్దామని. వాడికి ఏం చెప్పాలో తోచలేదు. ఎక్కువగా మంగళవారాల్లో అన్నాడు. ప్యాటీ వైపు చూస్తూ అన్నాడు. నేను రాశాను. ఏం చెయ్యమంటారు? అబద్ధమని చెప్పి ఆకలితో ఉన్న బిడ్డని పంపించెయ్యమంటారా?"

కార్బెట్ కాగితాలు సర్దుకున్నాడు. ఇంకేమీ అడగలేదు.

లాయరమ్మ లేచి ఒకే ఒక్క ప్రశ్న వేసింది. డెమార్ పేరున్న పద్నాలుగు చోట్లా తేదీ, వారం చదవమంది. నేను వారం కూడా వేసేదాన్ని. చదివాను. పేజీ తిప్పిన ప్రతిసారీ మంగళవారం. ఐదోది చదివేసరికి జ్యూరీలో ఆవిడ కలం కింద పెట్టింది. తొమ్మిదోది చదివేసరికి ప్రాసర్ ఇచ్చిన జాబితాను బోర్లా తిప్పి పక్కకు నెట్టింది.

తీర్పుకి రెండు రోజులు పట్టింది. తొమ్మిది మందిలో ఐదుగురికి శిక్ష పడింది. డెమార్‌ని వదిలేశారు. ఐదుగురి తల్లులూ మా పక్కనే ఉన్నారు కాబట్టి మేం గట్టిగా ఏడవలేదు.

వాణ్ని కోర్టు పక్క తలుపు నుంచి వదులుతారంటే అక్కడ మెట్ల మీద కూర్చున్నాం, షార్మేనూ నేనూ. చిన్న తుంపర పడుతోంది. పది రోజుల తర్వాత ఆమె మళ్లీ నా పక్కన కూర్చుంది.

"ఎనిమిదేళ్లు నా మొహం చూస్తూ ఎలా దాచావే?"

"ఒట్టేశాను."

"నేను వచ్చేసరికి ఇల్లు వెచ్చగా ఉండేది." చేతులు ఒళ్లో పెట్టుకుని వాటి వైపు చూసుకుంటోంది. "ఇల్లు అంత వెచ్చగా ఉంటే వీడు రోజంతా హీటరు వేసుకుని పడుకుంటున్నాడనుకున్నాను. కరెంటు నీ బాబు కడుతున్నాడా అని తిట్టేదాన్ని. ఒకసారి చెయ్యి కూడా చేసుకున్నాను మెర్లీన్. నోరు విప్పలేదు వెధవ."

ఆమె భుజం మీద చెయ్యి వేశాను. తోసెయ్యలేదు.

తలుపు తెరుచుకుంది. డెమార్ తన సామాను ఉన్న ప్లాస్టిక్ సంచీ పట్టుకుని బయటికొచ్చాడు. తల్లిని చూసి మెట్ల మీదే ఆగిపోయాడు. తిడుతుందేమోనని చిన్నప్పుడు నిలబడ్డట్టే నిలబడ్డాడు.

షార్మేన్ లేచి వాడి చొక్కా గుండీ సరిచేసింది.

"ఆకలేస్తోందా నాన్నా?"

వాడు నావైపు చూశాడు. నేను ఆకాశంలోకి చూశాను.

"వేస్తోందమ్మా" అన్నాడు.